చూచినవాని దోషము

ధ్యానభాగములు: లేవీయకాండము 5:1, ఆదికాండము 22, యెషయా 6



లేవీయకాండము చదువునప్పుడు మనలో అనేకులము వేగముగా పుటలు త్రిప్పుదుము. బలిపశువులు, క్రొవ్వు, మూత్రగ్రంథులు, బూడిద, ఇవన్నియు మనకు దూరపు సంగతులుగా తోచును. అయితే పాపపరిహారార్థబలిని గూర్చిన విధులలో, అయిదవ అధ్యాయము మొదటనే, ఒక చిన్న కట్టడ యున్నది. ఒకడు ఒక సంగతిని కన్నులార చూచిగాని మరియొక విధముగా తెలిసికొనిగాని సాక్షియై యుండి, చెప్పుమని ఒట్టుపెట్టి అడిగినప్పుడు నోరు మూసికొనిన యెడల, ఆ దోషము వాని మీదనే నిలుచును. దొంగిలించినవాని దోషము వేరు, కొట్టినవాని దోషము వేరు. వాటికి వేరే శిక్షలున్నవి. ఇది ఏమియు చేయక చూచి ఊరకున్నవాని దోషము.

సాక్ష్యము అను మాట మన సంఘములలో ప్రతి వారము వినబడునదే. గృహకూటములో ఒకరు లేచి జ్వరము తగ్గినదనియు, కుమారునికి ఉద్యోగము దొరికినదనియు, అప్పు తీరినదనియు చెప్పి దేవుని స్తుతింతురు. అది మంచిదే. మేమును అట్లు లేచి చెప్పినవారమే. అయితే పొరుగువాని కూలి డబ్బు ఎగవేయబడుట చూచినవాడు సాక్ష్యపు వేళ లేచి ఆ సంగతి చెప్పగా మేము వినినది బహు అరుదు. ఎవరైన చెప్పిన యెడల, “ఇది సాక్ష్యము కాదు, తగవు, పెద్దల యొద్ద పెట్టుకొనుము” అందురు. ఈ రెంటికి నడుమ గోడ కట్టినది ఎవరు? మేము స్వయముగా ఆ గోడకు ఒక ఇటుక పెట్టితిమి. ఆ సంగతి తరువాత చెప్పెదము. ఈ ప్రశ్నను ఆలోచించుటకు విల్ఫ్రెడ్ ఓవెన్ అను ఆంగ్ల కవి జీవితము మాకు తోడ్పడినది గనుక, ముందుగా అతని కథ వినుడి.

ఓవెన్ 1893 మార్చి 18న ఇంగ్లండులోని ఆస్వెస్ట్రీ అను ఊరిలో జన్మించెను. తండ్రి రైల్వే ఉద్యోగి. తల్లి సూసన్ మిక్కిలి భక్తిగలది. అతడు బైబిలు నేర్చుకొనినది ఆమె ఒడిలోనే. 1911లో రెడింగ్ పట్టణమునకు సమీపమున నున్న డన్స్‌డెన్ అను గ్రామములో, సంఘ గురువుగారికి సహాయకుడుగా చేరెను. జీతము లేదు, బస, భోజనము, కొంత చదువు చెప్పుట, ఇంతే ఒప్పందము. పిల్లలకు బైబిలు తరగతి నడుపుట, రోగులను చూడబోవుట, బీదల ఇండ్లకు పోయి ప్రార్థించుట అతని పని. ఆ ఇండ్లలో అతడు వ్యాధిని, ఆకలిని, ఇరుకైన గదులను చూచెను. సాయంకాలము తిరిగి వచ్చి గురువుగారి బంగళాలో భోజనపు బల్ల ముందు కూర్చుండెను. ఈ రెండు ఇండ్ల నడుమ నున్న దూరము అతని మనస్సును పీడించెను.

1913 ఫిబ్రవరిలో అతడు ఆ పని విడిచి వెళ్లిపోయెను. సంఘము బీదలను పట్టించుకొనలేదు గనుకనే వెళ్లెనని చెప్పిన యెడల కథ సులభమగును గాని పూర్తిగా నిజము కాదు. తాను బాల్యమున నేర్చిన విశ్వాసము అతనిలో సడలెను, కవి కావలెనను కోరిక బలపడెను, ఆరోగ్యమును చెడెను. అయినను బీదల ఇండ్లలో చూచినది ఆ కారణములలో ఒకటి యని అతని ఉత్తరములు చదివినవారికి తెలియును. సంఘమును విడిచినను అతని కలమునుండి బైబిలు మాటలు పోలేదు. కడవరకు అతడు వ్రాసిన దానిలో అవి అగపడుచునే యుండెను.

కొంతకాలము ఫ్రాన్సు దేశమున బోర్డో పట్టణములో ఆంగ్లము నేర్పి జీవించెను. 1915 అక్టోబరులో సైన్యములో చేరెను. మరుసటి సంవత్సరము మాంచెస్టర్ రెజిమెంటులో అధికారి ఆయెను. 1917 జనవరిలో యుద్ధరంగమునకు చేరిన కొద్ది దినములకే, ఇరుసేనల నడుమ ఎవరికిని చెందని నేలలో, భూమి క్రింద త్రవ్విన ఒక గుహను కాపాడుమని అతనికి ఆజ్ఞ వచ్చెను. ఇరువదియైదుగురు మనుష్యులు, మోకాళ్లకు వచ్చు నీరు, పైన ఎడతెగని గుండ్లవాన. ఏబది గంటలు వారు అందులో నుండిరి. అధికారి గనుక, మెట్లమీద కావలివానిని నిలువబెట్టవలసినది ఓవెనే. ఒక గుండు దగ్గరలో పగిలి ఆ కావలి పిల్లవాడు మెట్లమీదనుండి నీటిలోనికి విసిరివేయబడెను. అతని చూపు పోయెను.

ఈ సంగతిని ఓవెన్ అదే నెలలో తల్లికి వ్రాసెను. తరువాత ‘ది సెంట్రీ’ అను పేరుతో పద్యముగాను వ్రాసెను. ఆ పద్యములో మేము చూడవలసినది ఒకటి యున్నది. గ్రుడ్డివాడైన ఆ పిల్లవాని యొద్ద కూర్చుండి కన్నీరు విడిచిన దయాళువుగా కవి తన్ను చూపుకొనలేదు. అతనిని విడిచి, అతని స్థానములో నిలుచుటకు మరియొకనిని ఏర్పరచుటకు పోయిన అధికారిగానే చూపుకొనెను. పని అదియే గదా! ఎవడో ఒకడు ఆ మెట్లమీద నిలువవలెను. ఎవడు నిలువవలెనో చెప్పవలసినది తానే.

ఇక్కడనే మా ప్రశ్న లోతునకు దిగుచున్నది. సాక్షి చెప్పుచున్న అన్యాయములో సాక్షి చేయియు నున్న యెడల, వాని సాక్ష్యము చెల్లునా? న్యాయస్థానములో వకీలు మొదట అడుగునది ఇదియే: “నీవు అక్కడ ఏమి చేయుచుంటివి?” ఓవెన్ ఈ ప్రశ్నను తనకు తానే వేసికొనెను. 1917 మే నెలలో వ్రాసిన ఒక ఉత్తరములో, చంపవద్దని క్రీస్తు చెప్పిన సంగతి తనకు తెలిసియు తాను ఆయుధము ధరించియున్నానని ఒప్పుకొని, పౌలు తిమోతికి వ్రాసిన పత్రికలోని వాతవేయబడిన మనస్సాక్షి తనకున్నదని తల్లికి తెలిపెను. మన భాషలో మనస్సాక్షి అను మాటలోనే సాక్షి యున్నాడు. ఆ లోపలి సాక్షికి వాత పెట్టినవారు బయట సాక్ష్యము చెప్పలేరని మేము తలంచుచుంటిమి. ఓవెన్ విషయములో అట్లు జరుగలేదు. వాత తగిలిన చోట నొప్పి మిగిలియుండెను. ఆ నొప్పినుండియే అతడు మాటలాడెను.

యెషయా ఆరవ అధ్యాయము తీసి చూడుడి. దేవాలయములో దర్శనము చూచిన ప్రవక్త మొదట జనుల పాపమును ఎత్తి చూపలేదు; తన పెదవుల మలినమును ఒప్పుకొని, అటు తరువాతనే తన జనుల మాట ఎత్తెను. తన్ను విడిచి ఇతరులను దూషించువాడు సాక్షి కాడు, ఫిర్యాది. ఫిర్యాదికిని చోటున్నది, కాని వాని మాటను మనము సగము తగ్గించి వినుదుము.

ఇతరుల బాధను ఛందస్సులో పెట్టుట తగునా అని అడుగువారు ఉన్నారు. మనుష్యులు చచ్చుచుండగా ప్రాసలు వెదకుట ఏమి న్యాయమని వారి ఆక్షేపణ. యేట్సు అను గొప్ప కవి 1936లో ఆధునిక ఆంగ్ల కవితలను కూర్చునప్పుడు ఓవెన్‌ను అందులో చేర్చలేదు. ఊరక బాధ ననుభవించుట కవిత్వమునకు తగిన వస్తువు కాదని ఆయన అభిప్రాయము. యేట్సు ఎంత గొప్పవాడైనను ఈ మాటలో మేము ఆయనతో ఏకీభవింపము. ఆ న్యాయము ప్రకారమైతే విలాపవాక్యములను బైబిలునుండి తీసివేయవలసి వచ్చును. కాలిపోయిన యెరూషలేము వీధులలో, ఆకలితో సొమ్మసిల్లిన పిల్లలను చూచినవాడు చెప్పిన గ్రంథమది. అయిదు అధ్యాయములలో నాలుగు అధ్యాయములు హెబ్రీ అక్షరమాల వరుసను అనుసరించి కట్టబడినవి. అంత దుఃఖములోను ఆ కవి అక్షరములను లెక్కించెను. అది దుఃఖము తక్కువై కాదు. అచ్చముగా చెప్పనిది నిలువదని అతనికి తెలిసియుండును.

ఓవెన్ ప్రాసను గూర్చి ఒక మాట. ఆంగ్ల పద్యములో పాదముల చివర అచ్చును దాని తరువాతి హల్లును కలియుట వాడుక. ఓవెన్ అనేక పద్యములలో హల్లులను మాత్రమే కలిపి, అచ్చులను మార్చివేసెను. ఆంగ్లేయుల చెవికి అది తీగ తప్పిన వీణవలె వినిపించెను. పద్యము ఎరిగిన తెలుగువారికి ఇది వింత కాదు. మన ప్రాసలో హల్లు కలిసిన చాలును, అచ్చు ఏదైనను కావచ్చును. మనకు సొగసైనది వారికి వెలితిగా తోచెను. ఆ వెలితినే అతడు కోరెను. కుదరని లోకమును గూర్చి కుదిరిన ప్రాసలతో చెప్పుటకు అతనికి మనసు రాలేదని మాకు తోచుచున్నది.

1917 ఏప్రిలులో గుండ్ల దెబ్బకు అతని నరములు చెదరగా, జూన్ నెలలో ఎడింబరో వద్ద క్రెయిగ్‌లాక్‌హార్ట్ సైనిక ఆసుపత్రికి పంపబడెను. అక్కడ సీగ్‌ఫ్రీడ్ ససూన్ అను కవి పరిచయమాయెను. ససూన్ ధైర్యమునకు పతకము పొందిన సైనికుడు. యుద్ధమును అనవసరముగా పొడిగించుచున్నారని బహిరంగముగా ప్రకటించినందున, విచారణకు బదులుగా ఆసుపత్రిలో ఉంచబడినవాడు. ఆయన ప్రోత్సాహముచేత ఓవెన్ తన గొప్ప పద్యములు వ్రాసెను. తరువాత అతనికి స్వదేశములోనే తేలికపాటి ఉద్యోగము దొరికెను. అక్కడనే ఉండిపోయినను తప్పుపట్టువారు ఉండరు. అయినను 1918 ఆగస్టు చివర, ససూన్ ఇష్టమునకు వ్యతిరేకముగా, మరల ఫ్రాన్సునకు వెళ్లెను. ఎందుకు? అక్టోబరులో తల్లికి వ్రాసిన ఉత్తరములో కారణము చెప్పెను. అధికారిగా తన పిల్లలను జాగ్రత్తగా నడిపించుట ఒకటి. వారి బాధను దగ్గర నుండి చూచి, వకీలు తన కక్షిదారుని పక్షమున వాదించునట్లు వారి పక్షమున మాటలాడుట రెండవది.

అనగా సాక్షిగా ఉండుటకే వెళ్లెను. అయితే సాక్షిగా మాత్రమే ఉండుటకు యుద్ధరంగములో చోటు లేదు. అక్టోబరు మొదటి దినములలో జాన్‌కోర్ట్ అను ఊరి వద్ద జరిగిన దాడిలో అతడు చూపిన సాహసమునకు మిలిటరీ క్రాస్ అను పతకము వచ్చెను. నవంబరు 4న, ఓర్స్ గ్రామము వద్ద సాంబ్ర్ కాలువ దాటించుచు తుపాకి గుండు తగిలి చనిపోయెను. వయస్సు ఇరువదియైదు. సరిగా ఏడు దినములకు యుద్ధము ముగిసెను. నవంబరు 11న ష్రూస్‌బరీ పట్టణములో సంధి సంతోషముతో గుడి గంటలు మ్రోగుచుండగా, మరణవార్త తెలుపు తంతి అతని ఇంటికి చేరెను. అతడు బ్రదికియుండగా అచ్చయిన పద్యములు నాలుగైదు మాత్రమే. ససూన్ 1920లో అతని పద్యములలో కొన్నిటిని పుస్తకముగా తెచ్చెను.

మన తెలుగు క్రైస్తవులకు హతసాక్షి అను మాట ఉన్నది. చంపబడిన సాక్షి. ఓవెన్‌ను హతసాక్షి అనవచ్చునా? మేము ఈ ప్రశ్నను ఇద్దరు ముగ్గురు సహోదరులతో చర్చించితిమి. ఒకరు, “తప్పక అనవచ్చును, తన పిల్లల నిమిత్తము ప్రాణము పెట్టెను గదా” అనిరి. మేము ఒప్పుకొనలేకపోతిమి. స్తెఫను చేతిలో ఆయుధము లేదు. ఓవెన్ చేతిలో నుండెను, దానిని వాడెను. సాక్షి అనుటకు సందేహము లేదు. హతుడనుటకును సందేహము లేదు. అయినను రెండు మాటలను కలిపి ఆ గౌరవము అతని తలపై పెట్టిన యెడల, అతడు కష్టపడి ఒప్పుకొనిన దానిని మనము చెరిపివేసినవారమగుదుము.

గౌరవించు చేతులే సాక్ష్యమును చెరిపివేయుట ఈ కథలో రెండు మారులు జరిగినది. పతకముతో వచ్చిన అధికారిక పత్రములో, శత్రువుల మరతుపాకిని పట్టుకొని దానితో వారికి చాల నష్టము కలిగించెనని యున్నది. అనగా అనేకులను చంపెనని అర్థము. 1967లో అతని తమ్ముడు మరియొకరితో కలిసి ప్రచురించిన ఉత్తరముల గ్రంథములో, అదే పత్రము మాటలు మారి, మరతుపాకిని పట్టుకొని కొందరిని ఖైదు చేసినట్లు అచ్చయినది. జాలిని గూర్చి వ్రాసిన కవి చంపెనని చదువుట ప్రియమైనవారికి కష్టమాయెను గాబోలు.

రెండవది సమాధిరాయి. ఓర్స్ గ్రామ శ్మశానములో అతని రాతిపై చెక్కించుటకు తల్లి అతని పద్యమునుండియే మాటలు తీసెను. ఆ పద్యములో అతడు పునరుత్థానమును గూర్చి ప్రశ్న వేసెను. తరువాతి మాటలును ప్రశ్నలోని భాగమే. తల్లి మధ్యలో ఆపి, రెండవ ప్రశ్నార్థకమును విడిచిపెట్టెను. అంతటితో కుమారుని సందేహము రాతిపై విశ్వాసవాక్యమాయెను. మేము ఆమెను నిందింపము. బిడ్డను పోగొట్టుకొనిన తల్లి రాతిపై సందేహమును చెక్కించుకొనలేదు. ఈ తల్లియే 1920లో మన రవీంద్రనాథ ఠాకూరుగారికి ఉత్తరము వ్రాసెను. కుమారుడు కడసారి సెలవు తీసికొనునప్పుడు సముద్రము వైపు చూచుచు గీతాంజలిలోని మాటలు చెప్పెననియు, అతని చిన్న పుస్తకములో ఆ మాటలను, వాటి క్రింద ఠాకూరు పేరును చూచితిననియు, అవి ఏ గ్రంథములోనివో తెలుపుమనియు వేడుకొనెను. కుమారుడు పలికిన ప్రతి మాటను అంత పదిలముగా దాచుకొనిన ఆమెయే ఒక ప్రశ్నార్థకమును మాత్రము దాచుకొనలేకపోయెను.

సంఘము విషయమేమి? ఓవెన్ వ్రాసిన పద్యములలో ఒకటి ఆదికాండము 22వ అధ్యాయమును తీసికొనినది. అబ్రాహాము, ఇస్సాకు, కత్తి, దూత, పొట్టేలు, అన్నియు ఉన్నవి. అయితే ఈ ముసలివాడు దూత మాట వినడు. పొట్టేలును కాదని కుమారుని, కుమారునితో కూడ ఐరోపా యౌవనులను చంపివేయును. మన బోధలో మోరీయా పర్వతము తండ్రి విశ్వాసమునకు గురుతు. ఓవెన్ దానిని తిప్పి, పెద్దల గర్వమునకు పిల్లలు బలియగుట చూపెను. ఈ పద్యమును తిరస్కరించుటకు అనేక కారణములు చెప్పవచ్చును. అయినను ఆదికాండములో దేవుడు కత్తిని ఆపెను గదా. ఆపుమనిన ఆ మాటను మనము విన్నామా అని మాత్రమే అతడు అడిగెను.

1940 నవంబరు 14 రాత్రి బాంబులచేత నాశనమైన కోవెంట్రీ దేవాలయము ప్రక్కనే క్రొత్త దేవాలయము కట్టబడి, 1962 మే నెలలో ప్రతిష్ఠింపబడెను. ఆ సందర్భమున బెంజమిన్ బ్రిటన్ రచించిన ‘వార్ రిక్వియమ్’ అను సంగీతము మే 30న అక్కడ మొదటిసారి పాడబడెను. లాటిను ఆరాధనక్రమములో అబ్రాహామునకును అతని సంతానమునకును ఇచ్చిన వాగ్దానమును జ్ఞాపకము చేయు చోటనే, బ్రిటన్ ఓవెన్ పద్యమును పెట్టెను. దానిని పాడినవారిలో ఒకరు ఆంగ్లేయుడు, మరియొకరు జర్మను దేశస్థుడు. డన్స్‌డెన్ సంఘమునుండి వెళ్లిపోయినవాని మాట నలువది తొమ్మిది సంవత్సరములకు దేవాలయములో, ఏమియు తీసివేయబడక వినబడెను.

ఇప్పుడు మా ఇటుక సంగతి. కొన్ని సంవత్సరముల క్రిందట ఒక సహోదరి మా పత్రికకు సాక్ష్యము వ్రాయించి పంపెను. ఆమెకు చదువు రాదు. పొరుగు పిల్ల చేత వ్రాయించినది. అందులో రెండు భాగములుండెను. విషజ్వరమునుండి తన చిన్న కుమార్తెను దేవుడు కాపాడెననుట మొదటిది. ఆ జ్వరపు దినములలో మందులకు డబ్బు కావలసి, తనకు రావలసిన ఆరు వారముల కూలి అడుగగా, యజమాని లెక్క తరువాత చూచుకొందమని పంపివేసెననియు, ఆయన ప్రతి ఆదివారము తనకు నాలుగు వరుసల ముందు కూర్చుండుననియు రెండవది. మేము మొదటి భాగమును అచ్చువేసితిమి. రెండవ భాగమును తీసివేసితిమి. స్థలము చాలదని మాలో మేము చెప్పుకొంటిమి. ఆ నెల చివరి పుటలో సగము ఖాళీగానే పోయెను.

ఓవెన్ సమాధిరాతి సంగతి చదివిన తరువాత ఆ కాగితమును వెదకి తీసి, ఆమె ఇంటికి పోయితిమి. మిగిలిన భాగమును ఇప్పుడు వేయుదుమా అని అడిగితిమి. ఆమె చాలసేపు కాగితము వైపు చూచి, “ఇప్పుడెందుకు లెండి అయ్యగారూ. ఆ బాకీ తీరలేదు గాని, మా పిల్ల ఇప్పుడు వాళ్ల దగ్గరే పనిచేస్తోంది. అప్పుడు వేసుంటే బాగుండేది” అనెను.

అందుచేతనే ఆమె పేరుగాని ఊరుగాని ఇక్కడ వ్రాయలేదు.